బీడ్ చరిత్రరచన: ఆధారాల నమోదు, ఎంపిక, మౌనం – విమర్శనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:

ఇంగ్లండు తొలినాటి క్రైస్తవ సంఘ చరిత్రకారుడు బీడ్ (సుమారు క్రీ.శ. 673–735). ఆయన క్రీ.శ. 731లో లాటిను భాషలో పూర్తిచేసిన ‘ఆంగ్లజాతి సంఘ చరిత్ర’ ఆ దేశపు తొలి శతాబ్దాలకు ప్రధానాధారం. ఈ గ్రంథంపై వచ్చిన విమర్శలో రెండు ధోరణులు కనిపిస్తాయి. ఒకటి బీడ్‌ను సత్యనిష్ఠ గల చరిత్రకారుడిగా భావిస్తుంది. రెండవది ఆయన రచనలోని పక్షపాతాన్ని, ఉద్దేశపూర్వకమైన మౌనాన్ని ఎత్తిచూపుతుంది. బీడ్ జీవితాన్ని, కాలగణన గ్రంథాలను, ‘సంఘ చరిత్ర’లోని కొన్ని ఘట్టాలను, చివరిదశలో ఆయన రాసిన ఒక లేఖను కలిపి చదివితే ఈ రెండు ధోరణులకూ సమాధానం ఒకేచోట దొరుకుతుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. ఆయన పక్షపాతాన్ని గుర్తించడానికి కావలసిన సాక్ష్యం చాలావరకు ఆయన నమోదుచేసి ఇచ్చినదే.

కీలక పదాలు: బీడ్, సంఘ చరిత్ర, నార్తంబ్రియా, కాలగణన, జనశ్రుతి, ఆధారాల నమోదు, చరిత్రరచనలో మౌనం.

1. ఉపోద్ఘాతం:

చరిత్రకారుడు, పత్రాలను భద్రపరచే నమోదుకర్త ఒకరే అయినప్పుడు ఒక చిక్కు ఏర్పడుతుంది. నమోదుకర్త దొరికిన ప్రతి పత్రాన్నీ కాపాడాలి. చరిత్రకారుడు వాటిలో కొన్నింటిని ఎంచుకొని, వరుసలో పెట్టి, ఒక అర్థం కల్పించాలి. మొదటి పనిలో వదిలివేత లోపం. రెండవ పనిలో వదిలివేత అనివార్యం. ఎనిమిదవ శతాబ్దపు తొలిభాగంలో ఇంగ్లండు ఉత్తరప్రాంతంలోని ఒక మఠంలో కూర్చొని బీడ్ ఈ రెండు పనులనూ ఒక్క చేతిమీదుగా నడిపాడు. ఆయన గురించిన విమర్శలో విభేదాలకు మూలం కూడా ఇదే.

వాల్టర్ గోఫార్ట్ 1988లో ప్రచురించిన అధ్యయనం తరువాత బీడ్‌ను అమాయకుడైన భక్తరచయితగా చూడడం సాధ్యం కాలేదు. నార్తంబ్రియా సంఘరాజకీయాలలో, ముఖ్యంగా బిషప్పు విల్ఫ్రిడ్ వారసత్వానికి సంబంధించిన వివాదంలో, బీడ్‌కు ఒక స్పష్టమైన పక్షం ఉందని గోఫార్ట్ వాదించాడు. ఆ వాదంలోని ప్రతి అంశాన్నీ అంగీకరించనివారు కూడా బీడ్ మౌనాలను యాదృచ్ఛికాలుగా కొట్టివేయలేకపోతున్నారు. అయితే ఆ మౌనాలు అసలు ఎలా బయటపడుతున్నాయి? తన రచనలోని లోటును చూడగలిగే వెలుగును బీడ్ ఎక్కడెక్కడ వదిలిపెట్టాడు? ఈ వ్యాసం పరిశీలించే ప్రశ్న ఇది.

2. మఠజీవితం, గ్రంథాలయం:

బీడ్ జీవితం గురించి తెలిసినదానిలో అధికభాగం ఆయన చెప్పుకొన్నదే. ‘సంఘ చరిత్ర’ ఐదవ భాగం చివరి అధ్యాయంలో ఆయన మొదట సంవత్సరాలవారీ సంగ్రహాన్ని, తరువాత తన జీవితాన్ని కొద్ది వాక్యాలలోను, ఆపైన తన రచనల జాబితాను ఇచ్చాడు. వేర్‌మౌత్–జారో జంటమఠానికి చెందిన భూములలో పుట్టాడు. ఏడేళ్ల వయసులో బంధువులు ఆయనను మఠాధిపతి బెనెడిక్ట్ బిస్కప్‌కు అప్పగించారు. ఆ తరువాత కియోల్‌ఫ్రిత్ సంరక్షణలో పెరిగాడు. పంతొమ్మిదవ ఏట డీకను, ముప్పయ్యవ ఏట గురువు అయ్యాడు. మిగిలిన జీవితమంతా అధ్యయనం, బోధన, రచనలలోనే గడిచింది. తల్లిదండ్రుల పేర్లుగాని కుటుంబస్థాయిగాని ఆయన చెప్పలేదు. జీవితానికి కొన్ని వాక్యాలు సరిపెట్టినవాడు గ్రంథాల జాబితాను మాత్రం విడివిడిగా, భాగాల సంఖ్యతో సహా రాయడం ఆయన స్వభావాన్ని తెలుపుతుంది.

ఈ రచనలకు ఆధారమైనది బిస్కప్ సమకూర్చిన గ్రంథాలయం. బిస్కప్ అనేక పర్యాయాలు రోముకు వెళ్లి గ్రంథాలు, చిత్రాలు తెచ్చాడు. రోమను పద్ధతిలో గానం నేర్పడానికి జాన్ అనే గాయకాచార్యుడిని వెంటబెట్టుకొని వచ్చాడు. వేర్‌మౌత్ మఠం 674లో మొదలైంది. జారో మఠం కొద్ది సంవత్సరాల తరువాత ఏర్పడింది. ఈ మఠంలోనే సంపూర్ణ బైబిలు ప్రతులు మూడు తయారయ్యాయి. వాటిలో ఒకటి ఇటలీలోని ఫ్లోరెన్సు నగరంలో నేటికీ ఉంది. దానిని పోపుకు సమర్పించడానికి కియోల్‌ఫ్రిత్ 716లో బయలుదేరి, మార్గమధ్యంలో లాంగ్ర్ పట్టణంలో మరణించాడు. ఐరోపా ఉత్తరపు అంచున ఉన్న ఒక మఠానికి రోముతో ఇంత గట్టి సంబంధం ఉండడంవల్లనే, ఊరు దాటి దూరం వెళ్లని బీడ్‌కు దూరప్రాంతాల పత్రాలు అందాయి.

అందిన పాఠాన్ని ఎవరిదో చెప్పి వాడుకోవడం ఆయనకు తొలినుంచీ ఉన్న అలవాటు. లూకా సువార్తకు రాసిన వ్యాఖ్యానంలో ఆంబ్రోస్, ఆగస్టిన్, జెరోమ్, గ్రెగరీల నుంచి తీసుకొన్న భాగాల పక్కన అంచులలో వారి పేర్ల తొలి అక్షరాలు రాయించాడు. తరువాతి లేఖకులు ఆ గుర్తులను వదిలివేయకుండా రాయాలని ప్రత్యేకంగా కోరాడు. ఇతరుల మాటను తనదిగా చెప్పుకొన్నాననే అపవాదు రాకూడదన్నది ఆయన చెప్పిన కారణం. అదే పద్ధతిని చరిత్రకూ వర్తింపజేశాడు. కత్‌బర్ట్ జీవితచరిత్రను వచనంలో రాసినప్పుడు మొదటి ప్రతిని కత్‌బర్ట్‌ను ఎరిగిన హెర్‌ఫ్రిత్ అనే గురువుకు చూపి సరిదిద్దుకొన్నాడు. ఆపైన ఆ రచనను లిండిస్‌ఫార్న్ మఠపెద్దల ముందు రెండు రోజులపాటు చదివి పరిశీలించారని ముందుమాటలో తెలిపాడు.

3. కాలగణన – చరిత్రకు పునాది:

బీడ్‌కు చరిత్ర కాలగణన ద్వారా చేరువైంది. ఈస్టరు పండుగ తేదీ చాంద్రమాన, సౌరమానాల పొందికమీద ఆధారపడుతుంది. దానిని లెక్కించే పద్ధతులలో తేడా వస్తే ఒకే రాజ్యంలో ఒక వర్గం ఉపవాసదినాలలో ఉండగా మరొక వర్గం పండుగ చేసుకొనే పరిస్థితి వస్తుంది. నార్తంబ్రియా రాజకుటుంబంలో అటువంటి స్థితి ఏర్పడిందని, 664లో విట్బీ సభ ఆ విషయంపైనే జరిగిందని బీడ్ రాశాడు. 703లో కాలాన్ని గురించి ఒక చిన్న గ్రంథం, 725లో ‘కాలగణన’ అనే పెద్ద గ్రంథం రచించాడు.

మొదటి గ్రంథం ఆయనను చిక్కుల్లో పడవేసింది. జెరోమ్ హీబ్రూ మూలంనుంచి చేసిన బైబిలు అనువాదాన్ని అనుసరించి, సృష్టినుంచి క్రీస్తు జననం వరకు 3952 సంవత్సరాలని బీడ్ లెక్కకట్టాడు. అప్పటికి ప్రచారంలో ఉన్న లెక్క ఐదువేల ఏళ్లకు మించినది. లోకచరిత్ర ఆరు యుగాలుగా నడుస్తుందని, క్రీస్తు ఆరవ యుగంలో వచ్చాడని నమ్మే కాలమది. ఏళ్లు తగ్గించడమంటే క్రీస్తు ఆరవ యుగంలో రాలేదని చెప్పడమేనని కొందరు ఆరోపించారు. బిషప్పు విల్ఫ్రిడ్ సమక్షంలో, విందులో, తనను దుర్బోధకుడని నిందించినట్లు విని బీడ్ 708లో ప్లెగ్‌విన్ అనే మఠవాసికి లేఖ రాశాడు. ఆ లేఖను విల్ఫ్రిడ్ ఎదుట చదివించాలని కోరాడు. యుగాలకు నిర్ణీతమైన వెయ్యేళ్ల పరిమితి లేదని, తాను మూలపాఠాన్ని అనుసరించానని వాదించాడు. బీడ్ రచనలలో ఆగ్రహం స్పష్టంగా వినిపించే అరుదైన సందర్భాలలో ఇది ఒకటి. వాడుకలో ఉన్న అంకెకూ మూలంలో ఉన్న అంకెకూ తేడా వచ్చినప్పుడు మూలం వైపు నిలవడం ప్రమాదరహితం కాదని ఆయన స్వానుభవంతో తెలుసుకొన్నాడు.

ఈ నేపథ్యంలోనే ‘సంఘ చరిత్ర’లోని కాలనిర్దేశాన్ని అర్థం చేసుకోవాలి. జారో ఆలయ ప్రతిష్ఠాశాసనం నేటికీ నిలిచి ఉంది. అందులోని తేదీ నేటి లెక్కలో 685 ఏప్రిల్ 23. కాని ఆ రాతిమీద క్రీస్తు శకం లేదు. రాజు ఎగ్‌ఫ్రిత్ పాలనలో 15వ ఏడు, మఠాధిపతి కియోల్‌ఫ్రిత్ అధికారంలో 4వ ఏడు అని ఉంది. ఒక్క రాజ్యంలో ఒక ఆలయానికి ఈ లెక్క సరిపోతుంది. కెంట్, మెర్సియా, వెసెక్స్, నార్తంబ్రియా వంటి అనేక రాజ్యాలు, ఎవరి పాలనాసంవత్సరాలు వారివిగా ఉన్నప్పుడు వాటన్నిటినీ కలిపి ఒక జాతిచరిత్ర రాయడానికి ఉమ్మడి కొలత అవసరం. ఆరవ శతాబ్దంలో డయొనీసియస్ ఎక్సిగ్యూస్ ఈస్టరు పట్టికల కోసం రూపొందించిన క్రీస్తు శకాన్ని బీడ్ చరిత్రకథనానికి ఆధారరేఖగా మార్చాడు. జూలియస్ సీజర్ దండయాత్రను క్రీస్తుకు 60 ఏళ్ల ముందు జరిగినదిగా చెప్పి, వెనక్కు లెక్కించే పద్ధతినీ వాడాడు. శాలివాహన శకంలోని తెలుగు శాసనాల తేదీలను నేడు ‘క్రీ.శ.’లోకి మార్చి రాసే పరిశోధకులు కూడా, వాడుకలో స్థిరపడడానికి బీడ్ గ్రంథం ఎంతగానో తోడ్పడిన ఆ లెక్కనే అనుసరిస్తున్నారు.

ఈ ఉమ్మడి కొలత తటస్థమైన పనిముట్టు మాత్రం కాదు. పరస్పరం పోరాడే రాజ్యాల సంఘటనలన్నీ ఒకే రేఖమీద అమరినప్పుడు వాటిమధ్య లేని ఐక్యత పాఠకుడికి కనిపిస్తుంది. ‘ఆంగ్లజాతి’ అనే భావనను నిలబెట్టడంలో ఈ తేదీల పాత్ర కథనం పాత్రకు తీసిపోదు.

4. ఆధారాల పరంపర:

రాజు కియోల్‌వుల్ఫ్‌కు అంకితం చేసిన ముందుమాటలో బీడ్ తన సమాచారదాతలను ప్రాంతాలవారీగా పేర్కొన్నాడు. కెంట్ విషయాలకు కాంటర్బరీ మఠాధిపతి ఆల్బినస్ ముఖ్యుడు. ఆయన సేకరించినదాన్ని లండన్ గురువు నోథెల్మ్ లేఖల రూపంలోను, ముఖతః కూడా అందించాడు. నోథెల్మ్ తరువాత రోముకు వెళ్లి, పోపు రెండవ గ్రెగరీ అనుమతితో అక్కడి లేఖల భాండారాన్ని వెదకి, మొదటి గ్రెగరీ తదితరుల లేఖలకు ప్రతులు తెచ్చాడు. వెసెక్స్ సమాచారం బిషప్పు డేనియల్ ద్వారా, సెడ్, చాడ్ సోదరుల సేవాచరిత్ర లాస్టింగమ్ మఠవాసుల ద్వారా వచ్చాయి. తూర్పు ఆంగ్లియాకు, లిండ్సీకి వేరువేరు సమాచారదాతలు ఉన్నారు. నార్తంబ్రియాకు మాత్రం ఎరిగిన సాక్షులు లెక్కకు మించి ఉన్నారని ఆయన చెప్పాడు.

ఈ జాబితాలో మెర్సియా స్థానం గమనించదగినది. ఆనాటికి దక్షిణ ఇంగ్లండుపై ఆధిపత్యం మెర్సియా రాజు ఎథెల్‌బాల్డ్‌దే. అయినా ఆ రాజ్యానికి సంబంధించి కాంటర్బరీ స్థాయి సమాచారదాత ఎవరూ కనిపించరు. ‘సంఘ చరిత్ర’లో మెర్సియా తరచు ఇతరుల కథలో శత్రువుగానో పొరుగు రాజ్యంగానో ప్రవేశించడానికి నార్తంబ్రియా అభిమానం ఒక కారణం కావచ్చు. అంతకంటే సూటిగా చూపదగిన కారణం ఆధారాల పరంపరలోని ఆ లోటే. ముందుమాట లేకపోతే ఈ తేడాను గుర్తించడం కష్టం.

ముందుమాట చివర బీడ్ జనశ్రుతిని గురించి ఒక మాట చెప్పాడు. లోకంలో వ్యాపించిన మాటలను సేకరించి, వాటిని తరువాతితరాల బోధకోసం నిరాడంబరంగా రాయడం చరిత్రకు నిజమైన నియమమని ఆయన భావం. ఈ పదబంధం జెరోమ్‌నుంచి వచ్చిందని గుర్తించిన పండితులు దాని అర్థంమీద భిన్నాభిప్రాయాలు చెప్పారు. రచనలో దాని అమలును చూస్తే కొంత స్పష్టత వస్తుంది. రోము సంతలో ఆంగ్ల బాలురను అమ్మకానికి పెట్టగా గ్రెగరీ చూసి, వారి జాతిపేరుపై శ్లేషలు పలికాడన్న ప్రసిద్ధ కథను బీడ్ పూర్వుల నోట వచ్చిన వృత్తాంతంగా గుర్తుపెట్టి చెప్పాడు. రాణి ఎథెల్‌థ్రిత్ కన్యాత్వం గురించి చెప్పేటప్పుడు విల్ఫ్రిడ్‌ను తానే అడిగి తెలుసుకొన్నానని రాశాడు. పోపుల లేఖలను సంగ్రహించకుండా పాఠాన్నే గ్రంథంలో చేర్చాడు. పత్రం, ప్రత్యక్షసాక్షి, జనశ్రుతి అనే మూడు అంతరాలను ఆయన సిద్ధాంతంగా చెప్పకపోయినా ఆచరణలో పాటించాడు.

5. అందిన ప్రతులు, అందని ప్రతులు:

పత్రాలను యథాతథంగా చేర్చినంతమాత్రాన చరిత్ర యథాతథం కాదు. గ్రెగరీ లేఖల విషయం దీనికి మంచి ఉదాహరణ. 597లో కెంట్ చేరిన ఆగస్టిన్ బృందం పనిని బీడ్ రోముకూ కాంటర్బరీకీ మధ్య నడిచిన వ్యవహారంగా చిత్రించాడు. గ్రెగరీ లేఖల సంపుటిని చూస్తే, ఫ్రాంకుల రాణి బ్రూన్‌హిల్డ్‌కు, ఆమె మనుమలైన రాజులకు కూడా సహాయం కోరుతూ లేఖలు వెళ్లినట్లు తెలుస్తుంది. ఆ లేఖలు బీడ్ కథనంలో లేవు. పదివేలమందికి పైగా ఆంగ్లులు బాప్తిస్మం పొందారని గ్రెగరీ 598లో అలెగ్జాండ్రియా పేట్రియార్కుకు రాసిన లేఖ కూడా లేదు. బీడ్ దాచాడనడానికి ఆధారం లేదు. నోథెల్మ్ చేతిలోని ప్రతులలో అవి లేకపోవడమే సహజమైన వివరణ. ఈటెరియస్‌ను ఆర్ల్ నగరపు బిషప్పుగా పేర్కొన్నా, ఆయన నిజానికి లియోన్ బిషప్పు. చేతికి అందిన కొద్ది పత్రాలమీదనే ఆధారపడినప్పుడు ఇటువంటి పొరపాట్లు దొర్లుతాయి.

ఇంతకంటే ముఖ్యమైనది 601 నాటి రెండు లేఖల వరుస. విగ్రహారాధనను అణచి, గుడులను కూల్చివేయాలని కెంట్ రాజు ఎథెల్‌బర్ట్‌ను గ్రెగరీ ప్రోత్సహించిన లేఖ ఒకటి. గుడులను కూల్చవద్దు, విగ్రహాలను మాత్రం తొలగించి ఆ కట్టడాలనే ఆలయాలుగా మార్చాలని మెల్లిటస్‌కు రాసినది మరొకటి. గ్రెగరీ సంపుటి ప్రకారం రాజుకు రాసిన లేఖ జూన్ 22నాటిది, మెల్లిటస్‌కు రాసినది జూలై 18నాటిది. బీడ్ గ్రంథంలో మెల్లిటస్ లేఖ ముందు వస్తుంది, దాని తేదీలో నెల కూడా మారి ఉంది. పోపు తన విధానాన్ని కొద్ది వారాలలోనే మార్చుకొన్నాడన్న సంగతి ఈ వరుసలో మరుగునపడిపోయిందని ఆర్.ఎ. మార్కస్ 1963లో నిరూపించాడు. మత మార్పిడి బలవంతంతో జరగాలా, పాత ఆచారాలను ఇముడ్చుకొంటూ జరగాలా అన్న పెద్ద ప్రశ్నకు సంబంధించిన అవగాహన ఒక తేదీమీద ఆధారపడింది. అయితే బీడ్ రెండు లేఖల సారాంశాన్ని మాత్రమే తన మాటలలో చెప్పి ఊరుకొని ఉంటే ఈ పోలిక సాధ్యమయ్యేది కాదు. తేదీలతో సహా పూర్తి పాఠం ఇచ్చినందువల్లనే పన్నెండు శతాబ్దాల తరువాత ఆయన కథనాన్ని ఆయన గ్రంథంలోని పత్రాలతోనే సరిచూడగలిగారు.

6. చెరిపివేసిన సంవత్సరం:

నమోదుకర్త నిజాయితీకి తీవ్రమైన పరీక్ష ‘సంఘ చరిత్ర’ మూడవ భాగం ఆరంభంలో కనిపిస్తుంది. రాజు ఎడ్విన్ 633లో యుద్ధంలో మరణించాక నార్తంబ్రియా రెండుగా చీలింది. ఓస్రిక్ ఒక భాగానికి, ఇయాన్‌ఫ్రిత్ మరొక భాగానికి రాజులయ్యారు. ఇద్దరూ క్రైస్తవాన్ని వదిలి పూర్వవిశ్వాసాలకు మళ్లారు. ఏడాదికాలంలో ఇద్దరూ బ్రిటన్ల రాజు కాడ్‌వల్లన్ చేతిలో హతులయ్యారు. ఆ తరువాత ఓస్వాల్డ్ వచ్చి కాడ్‌వల్లన్‌ను ఓడించి రాజ్యాన్ని, మతాన్ని నిలబెట్టాడు. రాజుల కాలాన్ని లెక్కించేవారంతా ఏకాభిప్రాయంతో ఆ విశ్వాసఘాతకులైన రాజుల స్మృతిని తొలగించి, ఆ సంవత్సరాన్ని ఓస్వాల్డ్ పాలనలో కలిపివేశారని బీడ్ రాశాడు.

ఈ వాక్యంలోని వైరుధ్యం లోతైనది. బీడ్ ఆ నిర్ణయాన్ని ఖండించలేదు. ఓస్వాల్డ్ పాలనను తొమ్మిదేళ్లుగా చెప్పేటప్పుడు ఆ చెడ్డ సంవత్సరాన్ని కలుపుకొనే లెక్కించాడు. అంటే చెరిపివేతను ఆయన అమలుచేశాడు. అదే సమయంలో చెరిపివేసిన రాజుల పేర్లు, వారి వంశసంబంధాలు, వారు పాలించిన ప్రాంతాలు, వారి మరణవిధానం అన్నిటినీ రాశాడు. చెరిపివేత జరిగిందనీ రాశాడు. రాజుల పట్టిక తయారుచేసేవాడిగా సంఘం నిర్ణయాన్ని పాటించాడు. చరిత్ర నమోదుచేసేవాడిగా దానిని నిష్ఫలం చేశాడు. ఓస్రిక్, ఇయాన్‌ఫ్రిత్‌ల పేర్లు నేటి విద్యార్థికి తెలియడం వారిని మరచిపోవాలని కోరిన సంప్రదాయానికి చెందిన రచయిత పుణ్యమే.

ఇది ఉద్దేశపూర్వకమైన ధిక్కారమని చెప్పడం అతిశయోక్తి అవుతుంది. మతం వదిలిన రాజులకు కలిగిన దుర్గతిని చూపడం బీడ్ నైతికబోధకు అవసరమే. కాని ఆ బోధకు దుర్గతి కథ ఒక్కటే చాలు. పట్టికలో సంవత్సరం ఎలా సర్దారో చెప్పనవసరం లేదు. ఆ వివరం ఆయన చేత చెప్పించినది కాలగణకుడి అలవాటు: లెక్కలో ఒక ఏడు ఎక్కడినుంచి వచ్చిందో పాఠకుడికి తెలియాలి.

7. ఐడన్, బ్రిటన్లు – రెండు కొలతలు:

బీడ్ నిష్పాక్షికతకు సాధారణంగా చూపే ఉదాహరణ ఐడన్ చిత్రణ. అయోనానుంచి వచ్చి లిండిస్‌ఫార్న్‌లో స్థిరపడిన ఐడన్ ఈస్టరు తేదీని ఐరిష్ పద్ధతిలో లెక్కించేవాడు. ఆ తప్పును తాను ఏమాత్రం సమర్థించనని, దానిని కాలగణన గ్రంథంలో స్పష్టంగా ఖండించానని చెబుతూనే, సత్యమైన చరిత్రకారుడిగా ఐడన్ వినయాన్ని, నిరాడంబరతను, పేదలపట్ల దయను బీడ్ మనసారా కీర్తించాడు. విభేదం, గౌరవం ఒకేచోట నిలిచిన గొప్ప పుట అది.

అదే తప్పు చేసిన బ్రిటన్లకు ఆ ఉదారత దక్కలేదు. చెస్టర్ యుద్ధానికి ముందు ప్రార్థించడానికి వచ్చిన బాంగర్ మఠవాసులలో సుమారు 1200 మంది హతమయ్యారని, ఏభైమంది మాత్రమే తప్పించుకొన్నారని బీడ్ రాశాడు. చంపించినవాడు అన్యమతస్థుడైన ఎథెల్‌ఫ్రిత్. చనిపోయినవారు నిరాయుధులైన క్రైస్తవ సన్న్యాసులు. అయినా బీడ్ ఈ ఘటనను ఆగస్టిన్ హెచ్చరిక ఫలించినట్లుగా, విశ్వాసం తప్పినవారికి తగిన శిక్షగా చిత్రించాడు. ఆంగ్లులకు సువార్త చెప్పకపోవడమే బ్రిటన్ల మహాపాపమని ఆయన అభియోగం. ఐడన్ ఆ పని చేశాడు కనుక క్షమార్హుడు, బ్రిటన్లు చేయలేదు కనుక దండనార్హులు. తేదీ లెక్కలోని తప్పుకన్నా ఆంగ్లజాతిపట్ల వైఖరే బీడ్ తీర్పును నిర్ణయించిందనడానికి ఈ రెండు ఘట్టాల పోలిక చాలు.

బ్రిటన్లమీద మోపిన ఈ అభియోగం పూర్తిగా నిలవకపోవచ్చుననే సూచన కూడా ఆయన గ్రంథంలోనే ఉంది. దక్షిణ సాక్సన్ల రాణి తన పుట్టినిల్లయిన హ్విక్కే ప్రాంతంలో బాప్తిస్మం పొందిందని, ఆమె తండ్రి, పినతండ్రి వారి ప్రజలతోసహా క్రైస్తవులని నాలుగవ భాగంలో ప్రాసంగికంగా చెప్పాడు. వెల్ష్ సరిహద్దుకు చేరువలోని ఆ ప్రజలకు క్రైస్తవం ఎవరివల్ల వచ్చిందో గ్రంథంలో ఎక్కడా లేదు. రోమునుంచిగాని అయోనానుంచిగాని అక్కడికి బోధకులు వెళ్లినట్లు బీడ్ చెప్పలేదు. ఈ ఖాళీని చూసే కొందరు పరిశోధకులు అక్కడ బ్రిటన్ల పాత్రను ఊహించారు. ఊహకు తావిచ్చినది బీడ్ నమోదుచేసిన చిన్న వివరమే.

8. చరిత్రలో లేనిది, లేఖలో ఉన్నది:

‘సంఘ చరిత్ర’ ముగింపు ప్రశాంతంగా ఉంటుంది. శాంతికాలం వచ్చిందని, ఉన్నతవంశీయులు, సామాన్యులు ఆయుధాలు విడిచి పిల్లలతోసహా మఠాలలో చేరుతున్నారని, దీని ఫలితం రాబోయే తరం చూస్తుందని బీడ్ రాశాడు. ఆ చివరి వాక్యం ఆశీస్సో ఆందోళనో గ్రంథంలో తేలదు. అదే 731లో రాజు కియోల్‌వుల్ఫ్‌ను బంధించి, బలవంతంగా శిరోముండనం చేసి, తిరిగి సింహాసనమెక్కించారు. బీడ్ మిత్రుడు, పోషకుడు అయిన హెక్సమ్ బిషప్పు అక్కా పీఠం కోల్పోయాడు.

734 నవంబరు 5న యార్క్ బిషప్పు ఎగ్‌బర్ట్‌కు రాసిన లేఖలో బీడ్ గొంతు మారింది. కొండలలో, అడవులలో ఉన్న అనేక గ్రామాలు ఏళ్లతరబడి బిషప్పు ముఖం చూడలేదని, అయినా ఆయనకు చెల్లించవలసిన పన్ను తప్పలేదని ఆరోపించాడు. మఠం పెడతామని చెప్పి రాజులనుంచి భూములకు హక్కుపత్రాలు రాయించుకొని, సంసారజీవితం గడుపుతున్న గృహస్థుల నకిలీ మఠాలను తీవ్రంగా ఖండించాడు. అల్డ్‌ఫ్రిత్ రాజు మరణించినప్పటినుంచి సుమారు ముప్పై ఏళ్లుగా ఈ దురాచారం సాగుతోందని, దానివల్ల యోధుల కుమారులకు ఇవ్వడానికి భూమి మిగలక రాజ్యరక్షణే ప్రమాదంలో పడుతోందని వివరించాడు. లాటిను రానివారికి విశ్వాసప్రకటన, ప్రభువు ప్రార్థన ఇంగ్లీషులో నేర్పాలని, అందుకు తాను అనువాదాలు చేసి ఇచ్చానని తెలిపాడు.

మూడేళ్ల తేడాలో వెలువడిన ఈ రెండు రచనలను పక్కపక్కన పెడితే చరిత్రలోని మౌనం రూపురేఖలు తెలుస్తాయి. చరిత్ర రాజుకు అంకితమైన, బహిరంగంగా చదివే గ్రంథం. మంచివారి కథ విని అనుకరించడం, చెడ్డవారి కథ విని తప్పుకోవడం దాని ప్రయోజనమని ముందుమాటే చెప్పింది. గతకాలపు ఐడన్, కత్‌బర్ట్‌ల కాలినడక ప్రయాణాలను అంత ప్రేమతో వర్ణించడంలో వర్తమానపు బిషప్పులపై విమర్శ ఉందని, లేఖ చదివిన తరువాత గుర్తించవచ్చు. బహిరంగగ్రంథంలో ఆదర్శంగా చెప్పినదాన్ని వ్యక్తిగత లేఖలో నేరారోపణగా చెప్పాడు. ఇక్కడ మౌనానికి కారణం ఆధారం లేకపోవడం కాదు. ఆధారం ఆయన కళ్లముందే ఉంది. కనుక నోథెల్మ్ తేని ప్రతులవల్ల ఏర్పడిన మౌనాన్ని, బీడ్ ఎంచుకొన్న మౌనాన్ని విమర్శకుడు వేరువేరుగా తూచవలసి ఉంటుంది.

9. ముగింపు:

బీడ్ 735 మే నెలలో, క్రీస్తు ఆరోహణ పండుగ వేళ మరణించాడు. శిష్యుడు కత్‌బర్ట్ రాసిన లేఖ ప్రకారం, శ్వాస కష్టమవుతున్నా యోహాను సువార్తను ఇంగ్లీషులోకి అనువదించడం, ఇసిడోర్ గ్రంథంనుంచి కొన్ని భాగాలను సరిచేసి తీయడం ఆయన మానలేదు. తన విద్యార్థులు అసత్యం చదవకూడదన్నది ఆ చివరి శ్రమకు ఆయన చెప్పిన కారణం. తన దగ్గరున్న మిరియాలు, చేతిగుడ్డలు, ధూపద్రవ్యం తోటి గురువులకు పంచి ఇచ్చాడు.

పై పరిశీలనలో తేలిన అంశాలు మూడు. మొదటిది, బీడ్ చరిత్రరచనకు మూలం కాలగణకుడి, వ్యాఖ్యాత అలవాట్లలో ఉంది. ఆధారం పేరు చెప్పడం, అంకె ఎక్కడిదో చెప్పడం ఆయనకు చరిత్ర రాయకముందే అలవడింది. రెండవది, ఆయన కథనానికి స్పష్టమైన పక్షం ఉంది. చెస్టర్ మఠవాసుల మరణాన్ని న్యాయమైనదిగా చూపిన పుటను ఏ సత్యనిష్ఠ పేరుతోనూ సమర్థించలేము. మూడవది, ఆ పక్షపాతాన్ని కొలిచే సాధనాలు అధికభాగం ఆయన రచనలలోనే దొరుకుతాయి. ముందుమాటలోని జాబితా మెర్సియా లోటును, పూర్తిగా చేర్చిన లేఖలు వరుసలోని లోపాన్ని, లెక్క వివరణ చెరిపివేసిన రాజులను, ప్రాసంగికంగా చెప్పిన ఒక బాప్తిస్మం బ్రిటన్లపై అభియోగంలోని బలహీనతను బయటపెడతాయి.

కాబట్టి చరిత్రకారుడి విశ్వసనీయతను ఆయన తీర్పుల న్యాయంతో మాత్రమే కొలవడం సరిపోదు. తన తీర్పును పాఠకుడు తిరిగి విచారించడానికి కావలసిన పత్రాలను ఆయన గ్రంథంలో ఉంచాడా లేదా అన్నది కూడా చూడాలి. ఈ రెండవ కొలతలో బీడ్ నిలుస్తాడు. ఆయన తీర్పులను తిరగరాస్తున్న పరిశోధకులు సైతం పని మొదలుపెట్టేది ఆయన భద్రపరచిన పత్రాలతోనే.